వాయిదా చిన్నది, రుణం దీర్ఘమైనది

హబ్సిగూడ మెట్రో స్టేషనులో దిగి, నాచారం మీదుగా మల్లాపూర్ వైపు సాగే దారిలో అడుగడుగునా అపార్టుమెంట్ల ప్రకటన ఫలకాలు కనిపిస్తాయి. వాటిమీద ఇంటి ధర చిన్న అక్షరాలలో ఉంటుంది, నెలసరి వాయిదా పెద్ద అక్షరాలలో ఉంటుంది. "మీరు కడుతున్న అద్దెకు మరికొంత చేరిస్తే చాలు, ఇల్లు మీదే" అన్న ధోరణిలో అవి మనల్ని పలకరిస్తాయి. ఆ ఫలకాల మీద ఎన్నడూ కనిపించని అంకె ఒకటి ఉంది. చివరి వాయిదా చెల్లించిన రోజున ఆ ఇంటికి మనం మొత్తం ఎంత ఇచ్చినట్లు అవుతుందన్నదే ఆ అంకె.

ఈ ప్రాంతపు పారిశ్రామిక వాడలో పనిచేసే ఒక పాఠకుడు గత నెలలో మా కార్యాలయానికి వచ్చి, కాగితాల సంచి ఒకటి మా ముందు ఉంచారు. "భాయ్‌సాబ్, ఐదేళ్లుగా ఒక్క నెల కూడా తప్పలేదు. పిల్లల ఫీజులు ఆలస్యం చేశాను గానీ వాయిదా ఆలస్యం చేయలేదు. అయినా అప్పు దాదాపు అలాగే ఉంది. నన్ను ఎవరైనా మోసం చేశారా?" అని అడిగారు. మేము ఆ కాగితాలు పరిశీలించాము. ఆయనను ఎవరూ మోసం చేయలేదు. గృహరుణపు లెక్కే అలా నడుస్తుంది. అయితే సంతకం చేయించుకున్న నాడు ఆ లెక్కను ఆయనకు కూర్చోబెట్టి చెప్పినవారు ఎవరూ లేరు. ఆయన ప్రశ్న వేలాది కుటుంబాల ప్రశ్న గనుక ఈ నెల సంపాదకీయాన్ని దానికే కేటాయిస్తున్నాము.

ఆయన సొంత వివరాలు పక్కన పెట్టి, సులభమైన అంకెలతో చూద్దాము. 50 లక్షల రూపాయల ఫ్లాటుకు 40 లక్షల అప్పు, 9 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు అనుకుందాము. ఈఎంఐ అని అందరూ పిలిచే నెలసరి వాయిదా సుమారు 35,989 రూపాయలు అవుతుంది. 240 నెలలు చెల్లిస్తే మొత్తం 86 లక్షల 37 వేలు. అంటే తీసుకున్నది 40 లక్షలు, దానిపై వడ్డీయే 46 లక్షల 37 వేలు. ఇల్లు ఒకటే. దాని ధర మాత్రం ఒకటి బిల్డరుకు, అంతకు మించినది బ్యాంకుకు.

ఈ వడ్డీ 20 ఏళ్లలో సమానంగా పంచబడదు. బ్యాంకు ప్రతి నెలా మిగిలివున్న అసలుపై వడ్డీ లెక్కగట్టి, ముందుగా దానిని తీసుకొని, మిగిలినది అసలుకు జమ చేస్తుంది. అందువల్ల మొదటి నెల చెల్లించిన 35,989 రూపాయలలో 30,000 వడ్డీకే పోతుంది, అసలు తగ్గేది 5,989 మాత్రమే. ఐదేళ్లు కట్టిన తరువాత చూస్తే చెల్లించినది 21 లక్షల 59 వేలు, తగ్గిన అప్పు 4 లక్షల 52 వేలు. మా పాఠకుడిని కలవరపెట్టినది ఇదే. అప్పు సగానికి దిగి 20 లక్షలకు రావడానికి 14 ఏళ్లు పడుతుంది. నడుమ ఇల్లు అమ్ముకోవలసి వచ్చినా, ఉద్యోగం పోయినా, ఇంటి పెద్ద కన్నుమూసినా కుటుంబం ఎదుర్కొనే అప్పు ఎంతన్నది ఈ పట్టికే చెబుతుంది.

"వాయిదా భారం అనిపిస్తే గడువు పెంచుకోండి" అన్న సలహా వినడానికి దయగా ఉంటుంది. అదే 40 లక్షల అప్పును 30 ఏళ్లకు పొడిగిస్తే వాయిదా 32,185 రూపాయలకు దిగుతుంది. నెలకు 3,804 రూపాయలు మిగిలినట్లే. అయితే మొత్తం చెల్లింపు 1 కోటి 15 లక్షల 86 వేలకు చేరుతుంది. ఆ చిన్న ఊరటకు 29 లక్షలకు పైగా మూల్యం. గడువును 15 ఏళ్లకు కుదించగలిగితే వాయిదా 40,571 అవుతుంది, మొత్తం చెల్లింపు 73 లక్షల 3 వేలకు తగ్గుతుంది. గృహరుణంలో అత్యంత ఖరీదైన వస్తువు కాలమే. దానిని మనం ఎంత ఉదారంగా తీసుకుంటే బ్యాంకు అంత ఉదారంగా అమ్ముతుంది.

రెండవ చిక్కు మారే వడ్డీ. 2019 అక్టోబరు 1 నుండి బ్యాంకులు కొత్తగా ఇచ్చే చలన వడ్డీ గృహరుణాలను రెపో రేటు వంటి బయటి ప్రమాణానికి ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు ఆదేశించింది. 2022 మే నుండి 2023 ఫిబ్రవరి లోగా రెపో రేటు 4 శాతం నుండి 6.5 శాతానికి పెరిగింది. దీని అర్థం ఏమిటో ఒక్క ఉదాహరణ చాలు. 7 శాతానికి 40 లక్షలు తీసుకున్నవారి వాయిదా 31,012 రూపాయలు. ఏడాది కట్టాక మిగిలే అసలు సుమారు 39 లక్షల 5 వేలు. ఆ స్థితిలో వడ్డీ 9.5 శాతానికి చేరి, వాయిదాను పాత మొత్తం వద్దే ఉంచితే, నెల వడ్డీయే 30,913 రూపాయలు అవుతుంది. అసలు తగ్గేది నెలకు 99 రూపాయలు! వాయిదా పెరగలేదు కదా అని నిశ్చింతగా ఉన్న ఇంటిలో అప్పు నిశ్శబ్దంగా గడ్డకట్టుకుపోతుంది. 2025 ఫిబ్రవరి నుండి జూన్ లోగా రెపో రేటు 5.5 శాతానికి దిగింది. ఆ తగ్గుదల తమ ఖాతాకు చేరిందో లేదో విచారించుకున్న కుటుంబాలు ఎన్ని? పెరిగినప్పుడు వాయిదా దానంతట అదే కదులుతుంది, తగ్గినప్పుడు మనం అడగవలసి వస్తుంది.

మూడవది, వాయిదాలో కనిపించని ఖర్చులు. 50 లక్షల ఫ్లాటుకు 80 శాతానికి మించి అప్పు రాదు గనుక 10 లక్షలు ముందే మన చేతి నుండి పోతాయి. తెలంగాణలో 2021 జూలై నుండి స్టాంపు, బదిలీ, రిజిస్ట్రేషన్ రుసుములన్నీ కలిపి 7.5 శాతం. పూర్తి విలువపై రిజిస్టరు చేస్తే 3 లక్షల 75 వేలు. నిర్మాణంలో ఉన్న ఫ్లాటు అయితే 5 శాతం జీఎస్టీ, అంటే మరో 2 లక్షల 50 వేలు. 10 లక్షలు మించిన ఇంటి విషయంలో రిజిస్ట్రేషను ఖర్చును బ్యాంకు ఇంటి విలువలో కలుపదు. అందుకే చాలామంది దానికోసం నగలు కుదువపెడతారు, లేదా ఇంకా ఖరీదైన వ్యక్తిగత రుణం తీసుకుంటారు. అప్పుతో పాటు అంటగట్టే బీమా ప్రీమియం లక్ష రూపాయలను అప్పులోనే కలిపితే, 20 ఏళ్లలో అది 2 లక్షల 16 వేలు అవుతుంది. బీమా లేకుండా అన్నీ కలిపి చూసినా 50 లక్షల ఇంటికి మనం ఇచ్చేది 1 కోటి 2 లక్షల 62 వేలు. సొసైటీ నిర్వహణ రుసుము, ఆస్తి పన్ను, మరమ్మతులు దీనికి అదనం.

న్యాయంగా మరొక వైపు కూడా చెప్పాలి. 20 ఏళ్ల తరువాతి రూపాయి నేటి రూపాయితో సమానం కాదు. ఇన్నేళ్లూ అద్దె కట్టినా ఆ సొమ్ము తిరిగిరాదు, పైగా అద్దె ఏటేటా పెరుగుతుంది. ఇంటి విలువ కూడా పెరగవచ్చు. ఉప్పల్‌కు మెట్రో వచ్చిన 2017 తరువాత ఈ తూర్పు ప్రాంతపు భూముల ధరలు ఏ దారి పట్టాయో స్థానికులకు చెప్పనక్కర లేదు. అయితే విలువ పెరుగుదల అమ్మినప్పుడే చేతికి వస్తుంది, వాయిదా మాత్రం ప్రతి నెలా చేతి నుండి పోతుంది. ఇల్లు కొనవద్దని మేము చెప్పడం లేదు. ధర తెలియకుండా కొనవద్దని చెబుతున్నాము.

ఈ మాట ముస్లిం కుటుంబాలతో ప్రత్యేకంగా ఎందుకు చెప్పాలి? మనకు ఇల్లు కేవలం ఆర్థిక నిర్ణయం కాదు. పేరు చెప్పగానే "ఇప్పుడే ఎవరో అడ్వాన్సు ఇచ్చారండీ" అనే సమాధానం విన్నవారు మన పాఠకులలో కొల్లలు. అద్దె ఇల్లు దొరకక, దొరికినా ఎన్నాళ్లు ఉండనిస్తారో తెలియక, సొంత గోడల కోసం తొందరపడతాము. తొందరలో ఉన్నవాడికి బేరమాడే శక్తి ఉండదు. 2006 నవంబరులో ప్రధానికి సమర్పించిన సచార్ కమిటీ నివేదిక, ముస్లింలు అధికంగా నివసించే కొన్ని ప్రాంతాలను బ్యాంకులు ప్రతికూల ప్రాంతాలుగా గుర్తించి రుణాలు సులభంగా ఇవ్వని స్థితిని నమోదు చేసింది. దానికి తోడు మనలో అధికులు మెకానిక్కులు, డ్రైవర్లు, వెల్డింగు పనివారు, చిన్న దుకాణదారులు. సంపాదన ఉంటుంది గానీ దానికి కాగితం ఉండదు. ఇంటి జాగాకు నోటరీ పత్రం ఉంటుంది గానీ రిజిస్టరు దస్తావేజు ఉండదు. జాతీయ బ్యాంకు తలుపు మూసుకోగానే అధిక వడ్డీ ప్రైవేటు సంస్థ తలుపు తెరుచుకుంటుంది.

ఆ రెండు తలుపుల మధ్య దూరాన్ని రూపాయలలో కొలవవచ్చు. 15 లక్షల అప్పు, 15 ఏళ్ల గడువు. 9 శాతానికి అయితే వాయిదా 15,214 రూపాయలు, మొత్తం 27 లక్షల 38 వేలు. 14 శాతానికి అయితే వాయిదా 19,976 రూపాయలు, మొత్తం 35 లక్షల 96 వేలు. తేడా 8 లక్షల 57 వేలు. ఇద్దరూ ఒకే వీధిలో ఒకే రకమైన ఇల్లు కొన్నారు, ఇద్దరూ నిజాయితీగా కట్టారు. ఒకరు మాత్రం ఒక బిడ్డ ఇంజనీరింగు చదువంత సొమ్ము అదనంగా చెల్లించారు. వివక్షకు ముఖం ఉండనక్కర లేదు, వడ్డీ శాతమే చాలు.

ఇక వడ్డీ గురించి మన మనస్సాక్షి ప్రశ్న. రిబా నిషిద్ధమన్న విషయంలో ముస్లింలలో భిన్నాభిప్రాయం లేదు. వేరే మార్గమే లేని దేశాలలో నివాసపు అవసరం కోసం ఒక ఇంటికి రుణం తీసుకోవచ్చునా అన్న దానిపై ఉలమాలో చర్చ ఉంది. యూరప్ ఫత్వా మండలి 1999లో కొన్ని షరతులతో అనుమతించింది, అనేక మంది పండితులు దానితో విభేదించారు. తీర్పు చెప్పడం మా పని కాదు, ప్రతి కుటుంబం తాను విశ్వసించే ఆలిమ్‌ను తన పరిస్థితితో సహా అడగాలి. కానీ ఒక్కటి గమనించండి. అవసరమా కాదా అన్నది తేల్చాలన్నా అసలు భారమెంతో తెలియాలి. లెక్క తెలియని అవసరం, అవసరం కాదు, ఆశ మాత్రమే. మరణించినవారి ఆస్తి నుండి ముందు అప్పులు తీర్చి, ఆ తరువాతే వారసుల వాటాలు పంచాలన్న షరీఅత్ నియమం మనకు తెలిసినదే. 40 ఏళ్ల తండ్రి 30 ఏళ్ల గడువుకు సంతకం చేసినప్పుడు, తన పిల్లల వాటాపై కూడా సంతకం చేస్తున్నాడు.

వడ్డీలేని మార్గం ఈ దేశంలో ఎందుకు లేదు? 2008లో రఘురామ్ రాజన్ అధ్యక్షతన పనిచేసిన ఆర్థిక రంగ సంస్కరణల కమిటీ, మత విశ్వాసం వల్ల వడ్డీకి దూరంగా ఉన్నవారిని బ్యాంకింగులోకి తేవడానికి వడ్డీలేని బ్యాంకింగు అవసరమని సిఫారసు చేసింది. 2017లో రిజర్వు బ్యాంకు ఆ ప్రతిపాదనను ముందుకు తీసుకువెళ్లడం లేదని సమాచార హక్కు దరఖాస్తుకు జవాబిచ్చింది. పలు దేశాలలో అమలులో ఉన్న క్షీణ ముషారకా పద్ధతిలో, ఆర్థిక సంస్థ, కొనుగోలుదారు కలిసి ఇల్లు కొంటారు. సంస్థ వాటాకు కొనుగోలుదారు అద్దె చెల్లిస్తూ, ఆ వాటాను క్రమంగా కొనుక్కుంటాడు. మన 1949 బ్యాంకింగు నియంత్రణ చట్టం, బ్యాంకు తన సొంత అవసరానికి కాని స్థిరాస్తిని ఏడేళ్లకు మించి ఉంచుకోకుండా నిరోధిస్తుంది. పైగా ఆస్తి రెండుసార్లు చేతులు మారితే రిజిస్ట్రేషను రుసుము రెండుసార్లు పడుతుంది. 50 లక్షల ఇంటిపై అదొక్కటే మరో 3 లక్షల 75 వేలు. బ్రిటన్ 2003లోనే ఇటువంటి ఒప్పందాలపై జంట పన్నును తొలగించింది. అక్కడ సాధ్యమైనది తెలంగాణ శాసనసభకు అసాధ్యమా?

అదే సమయంలో మరో హెచ్చరిక. హలాల్ అన్న పేరు లెక్కకు ప్రత్యామ్నాయం కాదు. ముషారకాలో కూడా అద్దెను వడ్డీ రేటుకు ముడిపెడితే మొత్తం చెల్లింపు మామూలు రుణానికి దగ్గరగానే తేలవచ్చు. హలాల్ లాభాల పేరిట సొమ్ము సేకరించిన సంస్థలు 2018లో హైదరాబాద్‌లో, 2019లో బెంగళూరులో చెల్లింపులు నిలిపివేసినప్పుడు ఎన్ని కుటుంబాల ఇంటి కలలు ఆవిరయ్యాయో మన సముదాయం మరువకూడదు. బ్యాంకును అడిగే ప్రశ్నలన్నీ, గడ్డం ఉన్న ఏజెంటును కూడా అడగాలి.

చట్టం ఇచ్చిన కొన్ని హక్కులు ఇప్పటికే మన చేతిలో ఉన్నాయి. 2024 అక్టోబరు 1 నుండి ప్రతి గృహరుణానికీ సంస్థ కీలక వివరాల పత్రం ఇవ్వాలి. అందులో రుసుములన్నీ కలిపిన వార్షిక రేటు, పూర్తి చెల్లింపు పట్టిక ఉండాలి. అది రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఉండాలి. తెలుగులో గానీ, రాష్ట్రపు రెండవ అధికార భాష అయిన ఉర్దూలో గానీ అడగడం మన హక్కు. ఆ పత్రం షరతులు కనీసం మూడు పనిదినాలు చెల్లుతాయి, కాబట్టి అక్కడికక్కడే సంతకం చేయనక్కర లేదు. ఇంటికి తెచ్చి చదవండి, చదివించండి. 2023 ఆగస్టు 18 నాటి రిజర్వు బ్యాంకు ఆదేశాల ప్రకారం, వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంతగానా అన్నది ఎంచుకునే అవకాశం రుణగ్రహీతకు ఇవ్వాలి. ఇప్పటివరకు అసలుకు ఎంత, వడ్డీకి ఎంత జమ అయిందో మూడు నెలలకొకసారి తెలియజేయాలి. వ్యక్తులు తీసుకున్న చలన వడ్డీ గృహరుణాన్ని ముందుగా తీర్చినా జరిమానా వేయరాదు. మన ఉదాహరణలో మొదటి నుండీ నెలకు 5,000 రూపాయలు అదనంగా కట్టగలిగితే 20 ఏళ్ల అప్పు 14 ఏళ్ల 8 నెలలలో తీరుతుంది, 14 లక్షలకు పైగా మిగులుతుంది. అప్పు తీరాక 30 రోజులలో దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. సంస్థ వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు పరిహారం. ఫిర్యాదుకు 30 రోజులలో పరిష్కారం రాకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్ వద్దకు ఉచితంగా వెళ్లవచ్చు.

కష్టం వచ్చినవారు మౌనంగా ఉండకూడదు. బకాయి 90 రోజులు దాటితే ఖాతా మొండి బాకీల జాబితాలోకి పోతుంది. 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు ఇచ్చి, సివిల్ కోర్టులో దావా వేయకుండానే ఇంటిని స్వాధీనం చేసుకునే అధికారం సంస్థకు ఉంది. నోటీసుకు రాతపూర్వకంగా జవాబివ్వాలి. స్వాధీనపు చర్య జరిగితే 45 రోజులలో రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌ను ఆశ్రయించాలి. సిగ్గుతో తలుపు వేసుకుంటే గడువు తలుపు బయట ఆగదు.

ప్రభుత్వాన్ని మేము కోరేవి ఇవి. వడ్డీలేని గృహ ఆర్థిక విధానంపై 2017లో మూసిన తలుపును కేంద్రం తిరిగి తెరవాలి. వడ్డీలేని ఒప్పందాలపై రెండవ రిజిస్ట్రేషను రుసుమును రాష్ట్రం రద్దు చేయాలి. ఏ డివిజనులో ఎన్ని గృహరుణ దరఖాస్తులు వచ్చాయి, ఎన్ని తిరస్కరించబడ్డాయి అన్నది బ్యాంకులు ప్రకటించాలి. అల్పసంఖ్యాకులు ప్రాధాన్య రంగ రుణాలలో బలహీన వర్గాల కిందకు వస్తారు. ఆ హామీ మల్లాపూర్ గల్లీలలోని కారుఖానా కార్మికునికి ఏ మేరకు చేరిందో అంకెలతో చూపాలి.

మన బాధ్యత కూడా ఉంది. హైదరాబాద్ నగరానికి ఈ విషయంలో పాత జ్ఞాపకం ఉంది. ఈ నగరంలో పుట్టిన విద్వాంసుడు డాక్టర్ ముహమ్మద్ హమీదుల్లా, ఇక్కడ నడిచిన వడ్డీలేని రుణ సంఘాల గురించి లోకానికి తెలియజేశారు. నేడు కూడా 1995 నాటి పరస్పర సహాయ సహకార సంఘాల చట్టం కింద పొదుపు సంఘాలు నమోదు చేసుకోవచ్చు. ఇల్లంతా కొనివ్వలేకపోయినా, రిజిస్ట్రేషను ఖర్చుకు కర్జె హసనా ఇవ్వగలిగితే ఒక కుటుంబం నగలు తాకట్టు కొట్టు మెట్లెక్కవు. ప్రతి మస్జిద్ కమిటీ నెలకొక ఆదివారం అస్ర్ నమాజు తరువాత ఒక గంట కేటాయించి, లెక్క తెలిసిన యువకులను కూర్చోబెట్టి, సంతకానికి ముందే కాగితాలు చదివించాలి. ఇందుకు విరాళాలు అక్కరలేదు, ఒక బల్ల, ఒక కాలిక్యులేటరు చాలు.

ఖుర్‌ఆన్‌లో అతి పొడవైన ఆయత్ నమాజు గురించి కాదు, ఉపవాసం గురించి కాదు. అప్పును గడువుతో సహా వ్రాసుకోవడం గురించి. సూరా బఖరాలోని ఆ ఆదేశాన్ని తరతరాలుగా పారాయణం చేసిన సముదాయం, చదవకుండానే సంతకం పెట్టే సముదాయంగా మారరాదు.

మా కార్యాలయానికి వచ్చిన ఆ పాఠకుడు వెళ్లేముందు ఒక తెల్ల కాగితం అడిగి తీసుకున్నారు. మిగిలిన అసలు, మిగిలిన నెలలు, ఇక కట్టబోయే మొత్తం అనే మూడు అంకెలను తన చేతితోనే వ్రాసుకున్నారు. "ఈ కాగితం ఐదేళ్ల కిందట ఉండి ఉంటే 20 ఏళ్లకు కాదు, 15 ఏళ్లకే తీసుకునేవాణ్ణి, ఇంకాస్త చిన్న ఇల్లు చూసేవాణ్ణి" అన్నారు. ఆ మూడు అంకెలు ప్రతి ఇంటిలో సంతకానికి ముందే వ్రాయబడాలన్నదే మా కోరిక.